బాబాయ్ అనే మాట

ఫొటో స్టూడియో హత్య కేసును స్టేషను నుంచి తప్పించి ప్రత్యేక దర్యాప్తు విభాగానికి అప్పగించాలని కోర్టు ఆదేశించినప్పుడు ఇన్‌స్పెక్టరుకు కోపం వచ్చింది. ఆ విభాగం తరఫున వస్తున్నది తన తోడల్లుడేనని తెలిసినప్పుడు మాత్రం ఒళ్లు భగ్గున మండింది. అధికారులే కరువైనట్టు, పోయి పోయి వాడేనా!

ఆ మంట ఇవాళ్టిది కాదు. చిన్నల్లుడు ఇంట్లో కాలు పెట్టిన నాటి నుంచి అత్తగారు నోరు తెరిస్తే "మా చిన్నల్లుడు బంగారం" అనే మాటే. పెద్దల్లుడు ఇత్తడని ఆవిడ ఎన్నడూ అనలేదు గానీ, ఇన్‌స్పెక్టరుకు అలాగే వినపడేది. అందుకే మనసులో తోడల్లుణ్ని 'బంగారం' అనే పిలిచేవాడు, పళ్లు నూరుకుంటూ. అంతటితో ఊరుకున్నాడా? తన కూతురు అతన్ని బాబాయ్ అనకూడదని, అంకుల్ అంటే చాలని ఇంట్లో హుకుం జారీ చేశాడు. భార్య చెప్పి చెప్పి విసిగిపోయి వదిలేసింది.

బంగారం పొద్దున్నే స్టేషనుకు వచ్చాడు. "అన్నయ్యా, తప్పుగా అనుకోకండి. నన్ను వేస్తారని నాకూ తెలీదు" అన్నాడు. ఆ వినయం చూసి ఇన్‌స్పెక్టరుకు ఇంకా మండింది. పొగరుగా ఉంటే తిట్టుకోవడానికైనా వీలుండేది. ఫైళ్లన్నీ బల్ల మీదకు తోశాడు.

కేసు చూడటానికి చిన్నదే. స్టూడియో యజమానిని ఎవరో లైటు స్టాండుతో కొట్టి చంపారు. తెర వెనక ఉన్న అతని కూతురు, చిన్నపిల్ల, "బాబాయ్ నాన్నతో పోట్లాడాడు" అంది. ఆ ఒక్క ముక్క చెప్పి, బెదిరిపోయి మళ్లీ నోరు విప్పలేదు. పోయినవాడికీ తమ్ముడికీ స్టూడియో బోర్డు మీద ఎవరి పేరుండాలని ఎప్పుడూ తగాదాయే. ఇంకేం కావాలి? ఇన్‌స్పెక్టరు తమ్ముణ్ని జైలుకు పంపాడు. ఆ తమ్ముడి భార్య కోర్టుకెక్కింది. దర్యాప్తంతా ఒక్క మనిషి చుట్టూనే తిరిగిందని జడ్జి చీవాట్లు పెట్టాడు.

మధ్యాహ్నం చిన్నల్లుణ్ని ఇంటికి భోజనానికి తీసుకురమ్మని అత్తగారి ఫోను. తప్పుతుందా? ఇద్దరూ కంచాల ముందు కూర్చున్నారు. ఇన్‌స్పెక్టరు కూతురు గ్లాసు తెచ్చింది.

"బాబాయ్, మంచినీళ్లు."

"ఏమని చెప్పాను నీకు?" ఇన్‌స్పెక్టరు కసిరాడు. "బాబాయ్ అంటే నాన్న తమ్ముడు. నాకు తమ్ముళ్లు లేరు."

"పిన్ని మొగుడు కూడా బాబాయేనట నాన్నా. అమ్మమ్మ చెప్పింది."

"ఆ మాత్రం తెలీదా బాబూ మీకు?" అంది అత్తగారు వడ్డిస్తూ.

ఇన్‌స్పెక్టరు ఎత్తిన ముద్దను కంచంలో పెట్టేశాడు. స్టూడియో పాపకూ పిన్ని ఉంది. ఆ పిన్నికి మొగుడున్నాడు. రోజూ స్టేషనుకు వచ్చి ఎదురుగా కూర్చుని, "మా అత్తారింట్లో అంతా ఈ పోయిన పెద్దల్లుడి భజనే సార్. ఆ బాధ మీకేం తెలుస్తుంది లెండి" అని వాపోయినవాడు. నాకు తెలియకపోతే ఇంకెవరికి తెలుస్తుందనుకుని ఇన్‌స్పెక్టరు అతనికి టీ తెప్పించాడు. పోయినవాడి తమ్ముడి మీద అనుమానం చెవిలో వేసిందీ అతనే.

ఇప్పుడు నోరు మూసుకుంటే ఎవరికి తెలుస్తుంది? బంగారం కూడా ఇదే గోతిలో పడతాడు, కోర్టు అతనికీ చీవాట్లు పెడుతుంది, అత్తగారు చూస్తుంది. తలుచుకుంటేనే కడుపు చల్లబడింది. కానీ జైల్లో ఉన్న ఆ తమ్ముడు తనను చూసినప్పుడల్లా "సార్, పాపని ఇంకోసారి అడగండి సార్" అని చేతులు జోడించేవాడు. నోరు ముయ్యమని గదిమినవాడు తనే.

"తమ్ముడూ" అన్నాడు ఇన్‌స్పెక్టరు. ఎన్నడూ లేని ఆ పిలుపుకు భార్య వంటింట్లోంచి తొంగిచూసింది. "ఆ పాప చెప్పిన బాబాయ్ పిన్ని మొగుడై ఉండొచ్చు. నేను ఆ దారిన పోనే లేదు."

బంగారం చెయ్యి కంచంలోనే ఆగిపోయింది. "ఎందుకు పోలేదన్నయ్యా? రేపు కోర్టు అడిగితే ఏం చెప్పను?"

"మా ఇంట్లో ఆ మాటకు చోటివ్వలేదని చెప్పు. నీ మీద ఏడుపుతో" అన్నాడు ఇన్‌స్పెక్టరు, తల దించుకుని.

బంగారం సగం భోజనంలోనే లేచి చెయ్యి కడుక్కుని, చెప్పులు సరిగ్గా తొడుక్కోకుండానే ఆ పాప దగ్గరికి పరుగు తీశాడు.

"చూశారా, తినకుండానే పోయాడు. పనంటే అంత ప్రాణం" అంది అత్తగారు గుమ్మం వైపు చూస్తూ. "బంగారం!"

ఇన్‌స్పెక్టరు కడుపు మళ్లీ భగ్గుమంది. కూతురు మెల్లగా దగ్గరికి వచ్చింది.

"నాన్నా, ఇంక బాబాయ్ అనొచ్చా?"

"అను" అన్నాడు. "నా ముందు మాత్రం కాస్త మెల్లగా అను."