మూడు సెకన్ల నవ్వు

ఆబ్రీ కింగ్‌డన్ నా నవ్వులోంచి మూడు సెకన్లు కోసుకుపోయాడు.

ఆ నవ్వు ఇప్పటికీ నా అరికాళ్ళలో ఉంది. స్టూడియో చెక్కనేల ముందు సన్నగా వణికింది... చెవికి ఆ తర్వాత అందింది. మూడు వందల మంది గొంతులు. గులకరాళ్ళ మీదికి పోటు ఎక్కినట్టు, గరగరమంటూ, ఒక్క ఊపున.

అలమర కింది కొస పట్టుకుని నిలబడ్డాను. మనసులో లెక్కపెట్టాను.

ఏడు సెకన్లు.

టీవీలో వేసిన రోజు కూడా లెక్కపెట్టాను.

నాలుగు.

మాది ఫ్లీట్‌వుడ్. చేపల రేవు. పద్నాలుగో ఏట బడి వదిలేసి, చేపల పెట్టెల మీదికి పారతో మంచు ఎత్తాను. సాయంత్రానికి వేళ్ళు ఉన్నాయో ఊడాయో చూసుకుంటే గాని తెలిసేది కాదు. మా నాన్న మాటల మనిషి కాదు. సముద్రం వెనక్కి పోయినప్పుడు మైళ్ళకొద్దీ తడి ఇసక బయటపడేది. దాని మీద నడుస్తూ ఒకే మాట చెప్పేవాడు.

“ఎదురుగా ఉన్న నీళ్ళను చూస్తూ కూచోకురా లెన్. మన దగ్గర నీళ్ళు వెనకనుంచి వస్తాయి.”

వస్తాయి. కాలవల్లోంచి, చప్పుడు లేకుండా. ఇటు తిరిగి చూసేసరికి నీ చుట్టూ నీళ్ళు, మధ్యలో నువ్వు.

ఆ మాట నేను మనుషులకు కూడా వాడుకున్నాను.

తప్పా?

రేవు వదిలి జోకులు పట్టుకున్నాను. వేసవిలో సముద్రంలోకి కట్టిన వంతెన మీది నాటకశాల. చలికాలంలో మిల్లు కార్మికుల క్లబ్బులు. క్లబ్బుల్లో సగం జోకు మీద ఉండగా మైకు లాక్కుని హౌసీ నంబర్లు పిలిచేవాళ్ళు. నంబర్లయ్యాక, “ఊఁ, ఎక్కడ ఆపావ్, కానీ,” అనేవాళ్ళు.

అక్కడ నేర్చుకున్నాను. నవ్వు ఒక అల. అది పూర్తిగా చచ్చేదాకా ఆగితే నువ్వు మొద్దువి. లేచి ఉండగానే నోరు తెరిస్తే నీ మాట మునిగిపోతుంది. విరిగిన అల వెనక్కి జారడం మొదలుపెట్టే క్షణం ఒకటుంది —

అక్కడ మాట్లాడాలి.

ఆ క్షణం పట్టుకోవడానికి నాకు ఇరవై ఏళ్ళు పట్టింది. ఆబ్రీకి ఏదో పేరున్న నాటక కళాశాలలో మూడేళ్ళలో నేర్పారట.

డెబ్బై ఒకటిలో టీవీ పిలిచింది. నాకు నలభై ఒకటి. నవ్వుల సీరియల్. పేరు ‘మెల్లగా దించండి’. ఇళ్ళు మారేవాళ్ళ సామాన్లు మోసే ఇద్దరు కూలీలు. ఆబ్రీ పై కొస, నేను కింది కొస. ఆఫీసులో ఫోన్లెత్తే నోటి దురుసు ముసలమ్మగా విన్నీ ఓగ్డెన్. అప్పటికే ఆవిడకు అరవై దాటాయి.

వారమంతా ఒక చర్చి హాల్లో సాధన. నేల మీద అంటించిన రంగు టేపులే మాకు గోడలు, తలుపులు, మెట్లు. ఆదివారం సాయంత్రం జనం ముందు అసలు ఆట.

ఆబ్రీ ఎవరితోనైనా రెండు చేతులతో కరచాలనం చేసేవాడు.

నేను ఎప్పుడూ ఆ రెండో చేతినే చూసేవాణ్ణి.

మొదటి ఆదివారం. ఇరుకు మెట్ల మీద అలమర ఇరుక్కుంది. వాడు పైన, నేను కింద. నిజం అలమర, నిజం బరువు. నా నోట్లోంచి రాతలో లేని మాట వచ్చింది.

“ఎప్పుడూ నా వైపే ఎందుకుంటుంది బరువు?”

ఏడు సెకన్లు... పోటు నన్ను ఎత్తి నిలబెట్టింది. పైనుంచి ఆబ్రీ ముఖం కనిపించింది. నవ్వుతున్నాడు.

నవ్వుతున్నాడా?

టీవీలో వేసిన రోజు మా అక్క ఈవీ ఇంట్లో ఉన్నాను. అక్క చేపలు వేయించింది.

“బాగుందిరా. బాగా చేశావ్.”

“ఎంతసేపు నవ్వారు?”

“ఏంటి?”

“జనం. ఎంతసేపు?”

“నీ మొహం. చల్లారిపోతోంది, తిను ముందు.”

ఆదివారానికీ టీవీలో వేసిన రోజుకీ మధ్య ఒక గురువారం ఉంది. ఆ గురువారం శబ్దాలు కలిపే పైగదిలోంచి ఆబ్రీ మెట్లు దిగుతుంటే చూశాను. ఎక్కేటప్పుడు కోటు కింద విస్కీ సీసా ఉంది. దిగేటప్పుడు లేదు. ఆ గదిలో నోరిస్ అని ఒక్కడే ఉంటాడు. నవ్వుల శబ్దం పెంచేదీ తగ్గించేదీ వాడి వేలే.

కాంటీన్లో అడిగాను. అందరి ముందూ అడిగాను.

“గురువారం పైగదిలో నీకేం పని?”

“నోరిస్ పుట్టినరోజు, లెన్.”

“వాడి పుట్టినరోజు నీకెలా తెలుసు?”

“అడిగాను. మనుషుల్ని అలాంటివి అడుగుతుంటారు. నువ్వూ ఎప్పుడైనా అడిగి చూడు, కరవరులే.”

బల్ల చుట్టూ అందరూ నవ్వారు. మూడు సెకన్లు.

ఆ నవ్వును మాత్రం ఎవరూ కోయలేదు.

రెండో ఏడు అలమరలు పెద్దవయ్యాయి. నేను చిన్నవాణ్ణయ్యాను. కొన్ని ఆదివారాలు జనానికి నా వేళ్ళే కనిపించాయి. రాసేవాణ్ణి అడిగితే, “ఆబ్రీ ఏమీ అనలేదే,” అన్నాడు. నేను ఆబ్రీ పేరే ఎత్తలేదు.

మూడో ఏడు నా పాత్ర పెళ్ళి చేసుకుని కెనడా వెళ్ళిపోయింది. పెళ్ళికి నన్ను పిలవలేదు.

ఆ తర్వాత... ఇంకేముంది. గ్రేవీ పొడి ప్రకటనకు గొంతు. క్రిస్మస్ నాటకాల్లో ఇద్దరు దూరే ఆవు వేషంలో వెనక కాళ్ళు. రాథరమ్‌లో ఆరు వారాలు వంగి నడిచాను. బస్సుల్లో, మాంసం కొట్టు దగ్గర, మూత్రశాలలో — ఎవడో ఒకడు భుజం తట్టేవాడు. “ఎప్పుడూ నీ వైపేనా బరువు?” అని వాడే నవ్వుకునేవాడు.

పోటు తగ్గిన ఇసక మీద ఉప్పు మిగులుతుంది. అలా మిగిలాను.

డెబ్బై ఎనిమిదిలో కంపెనీ నుంచి ఉత్తరం.

మొదటి ఆరు ఎపిసోడ్లు మళ్ళీ వేస్తారట. అన్నేళ్ళ తర్వాత మళ్ళీ వెయ్యాలంటే అందులో ఆడిన ప్రతివాడూ ఒప్పుకుని సంతకం పెట్టాలి. ఒక్కడు కాదన్నా వెయ్యడానికి లేదు. వేస్తే అందరికీ మళ్ళీ డబ్బు. మా నటుల సంఘం కొట్లాడి తెచ్చుకున్న హక్కు అది. నా జీవితంలో మొదటిసారి, బరువు నా చేతిలో ఉంది.

ఉత్తరం వెనకాలే ఫోను.

“లెన్, ఆబ్రీని. ఎలా ఉన్నావ్? ఆ కాగితం పంపేశావా?”

ఏడేళ్ళలో ఒక్కసారి చెయ్యనివాడు.

“నీకెందుకంత తొందర?”

“తొందరేం లేదు. మనం బాగా చేశాం అందులో. అంతే.”

మనం.

ఫోను పెట్టేశాను. నీళ్ళు వెనకనుంచి వస్తాయి.

తర్వాతి మంగళవారం విన్నీ వచ్చింది. ఓల్డమ్ నుంచి మూడు బస్సులు మారి, చేతికర్రతో, డబ్బాలో అల్లం కేకు పెట్టుకుని.

“సంతకం పెట్టు నాయనా. ఒక్కోదానికి ముప్పై ఒకటిన్నర పౌన్లు నాకు. ఆరు ఎపిసోడ్లు.”

“ఆబ్రీ పంపాడా నిన్ను?”

“నా మోకాళ్ళు పంపాయి. మెట్లు లేని గది ఒకటి చూశాను, కింది అంతస్తులో. అడ్వాన్సు కట్టాలి. వాళ్ళు నెల ఆగుతామన్నారు.”

“ఆబ్రీ ఫోన్ చేశాడా లేదా?”

“చేశాడు. అందరికీ చేశాడు.”

“చూశావా?”

“ఏం చూడాలి?”

“నువ్వు ఆ ఆదివారం అక్కడే ఉన్నావు విన్నీ. ఎంతసేపు నవ్వారు?”

“నేను తెర వెనక పళ్ళసెట్టు సర్దుకుంటున్నాను. నవ్వారు. బాగానే నవ్వారు. ఇంకేం కావాలి నీకు?”

“మిగతా మూడు సెకన్లు.”

ఆవిడ కేకు కోస్తున్న చాకు ఆపింది.

“నీవి మూడు సెకన్లు. నావి ఇరవై రెండు మెట్లు, రోజుకు రెండుసార్లు. నువ్వు చచ్చేదాకా నవ్వుకో, కానీ సంతకం పెట్టు.”

ఆలోచిస్తానన్నాను.

ఆలోచించాను. ఆ నాలుగు సెకన్లను మళ్ళీ దేశమంతా చూస్తుంది. ఆబ్రీకి కావలసిందీ అదే. కోసిన నవ్వునే నా నవ్వుగా ఖాయం చేస్తాడు. కాగితం తీసుకుని రాశాను:

‘నా నవ్వు నాకు పూర్తిగా తిరిగిచ్చి, అప్పుడు వెయ్యండి. అంతవరకు నేను ఒప్పుకోను. — లెనర్డ్ థ్రెల్‌ఫాల్.’

రెండు వాక్యాల జవాబు వచ్చింది. ఉత్తరం అందింది. మీ నిరాకరణ నమోదు చేసుకున్నాం.

ఎదురుచూశాను. బతిమాలతారనుకున్నాను. ఆబ్రీ మళ్ళీ ఫోన్ చేస్తాడనుకున్నాను. నెల దాటింది. ఎవరూ చెయ్యలేదు. విన్నీ కూడా.

మరుసటి వసంతం గ్రేవీ పొడి పని మీద లండన్ వెళ్ళాను. పని అయ్యాక కంపెనీ నేలమాళిగకు దిగాను. టేపులు దాచే చోటు. నాకు సంతకాలూ వాదాలూ వద్దు. ఒక్కసారి ఆ టేపు వింటే చాలు. కోత పడిన చోట నవ్వు తెగినట్టు వినపడుతుంది. నా చెవికి తెలుస్తుంది.

అక్కడ మిసెస్ ప్లంబ్ అని ఒకావిడ, ఉన్ని స్వెట్టర్‌లో. రిజిస్టరు మీద వేలు పెట్టి కిందికి జరిపింది.

“తుడిచేశామండీ.”

“తుడిచేశారా?”

“మళ్ళీ వెయ్యడానికి వీల్లేదని కాగితం వచ్చింది. వెయ్యలేని టేపుకి ఒక అర ఇవ్వడం దండగ. టేపు ఖరీదెక్కువ.”

“ఎవరి కాగితం?”

ఆవిడ రిజిస్టరు నా వైపు తిప్పింది. నా పేరే ఉంది.

“ఇప్పుడు దాని మీద ఏముంది?”

“గుర్రాల పోటీలు.”

“కింద మా గొంతులు... కొంచెమైనా మిగలవా?”

“మిగలవండీ.”

“అప్పట్లో నవ్వులు కోసేవాళ్ళా?”

“కోసేవాళ్ళు. అందరివీ. ఇరవై ఎనిమిది నిమిషాల్లో పట్టాలి కదా.”

“ఆబ్రీ కింగ్‌డన్‌వి కూడా?”

“నాకెలా తెలుస్తుంది? నేను అరల్లో సర్దే మనిషిని.”

బయటికి వచ్చాను. వాన. గాలి వాటంగా, పక్కనుంచి.

అందరివీ కోసేవాళ్ళు అని ఆవిడకు ఎవరు నేర్పారు?

ఇంకో సంగతి ఆ వానలోనే తోచింది. తను అడిగితే నేను సంతకం పెట్టనని ఆబ్రీకి తెలుసు. తెలుసు గనకే అడిగాడేమో. టేపు పోతే కోత కూడా పోతుంది... లేదా వాడికీ ఆ డబ్బు అవసరమేమో. లేదా నిజంగా మనం బాగా చేశామేమో.

మూడింటిలో ఏదో చెప్పగలిగేది ఆ టేపు ఒక్కటే.

విన్నీకి ఆ కింది గది దొరకలేదు. ఇప్పుడు అసలు కిందికే దిగడం లేదట. సరుకులు బుట్టలో తాడు కట్టి లాక్కుంటుందట. పోయిన నెల వెళ్ళాను. ఇరవై రెండు మెట్లూ ఎక్కాను. తలుపు కొట్టాను.

“ఎవరూ?”

“లెన్‌ని.”

లోపల కుర్చీ కిర్రుమంది. తర్వాత రేడియో శబ్దం పెరిగింది.

తలుపు తెరుచుకోలేదు.

ఆరు ఎపిసోడ్లకు నాకు రావలసింది మూడు వందల డెబ్బై ఎనిమిది పౌన్లు. ఆవిడకు నూట ఎనభై తొమ్మిది. ఆవిడదీ నా నష్టంలోనే కలుపుకుంటున్నాను.

ఐదు వందల అరవై ఏడు పౌన్లు.