ఇంకా గోరువెచ్చన కాలేదు

నేను ఒక కాలపట్టీని. మణికట్టుకు కట్టుకుంటారు. నా మీద అంకెలు లేవు, ముళ్లు లేవు. గడియారం టైము చూపిస్తుంది. నేను ఎంత సేపయిందో చర్మానికి తెలియజేస్తాను. మీట నొక్కగానే చల్లగా మొదలవుతాను. నాకు నేర్పిన సేపు గడిచేకొద్దీ వెచ్చబడి, అది నిండేసరికి వేడి టీ గ్లాసులా అవుతాను. మళ్లీ నొక్కితే చల్లబడతాను. నాకొచ్చిన విద్య ఇంతే.

నన్ను చేసినవాడు మండపేటలో వాచీలు బాగుచేసే గవర్రాజు. అందరి చేతుల్లోకీ సెల్‌ఫోన్లు వచ్చి పని తగ్గాక, ఊరికే కూర్చోలేక నన్ను తయారుచేశాడు. మొదట పెళ్లివంటల నూకరాజు కొన్నాడు, అన్నం ఉడికే సేపు తెలుస్తుందని. మూడో రోజే తెచ్చి బల్ల మీద పడేశాడు.

"గాడిపొయ్యి కాడ నిలబడ్డోడికి నీ పట్టీ వేడేం తెలుస్తాదయ్యా గవర్రాజూ? ఒళ్లంతా కాలిపోతుంటేను!"

మనుషులు తమ పొరపాటును వస్తువు మీదికి ఎంత సులువుగా తోసెయ్యగలరో నాకు ఆరోజే తెలిసింది.

తర్వాత నన్ను తీసుకెళ్లినవారు విశ్వేశ్వరం మాస్టారు. హైస్కూల్లో సోషల్ చెప్పేవారు. శతాబ్దాలను నల్లబల్ల మీద రెండు గీతల మధ్య సర్దే మనిషి. ఆయన భార్య వర్ధనమ్మగారికి మెదడువాపు జ్వరం వచ్చి తగ్గింది గానీ, పోతూ పోతూ సేపు తెలిసే శక్తిని పట్టుకుపోయింది. గడియారం చూసి పదయిందని చెప్పగలరు. ఆయన వెళ్లి ఎంతసేపయిందో మాత్రం తెలియదు. మాస్టారు పెరట్లోకెళ్లి నాలుగు కరివేపాకు రెబ్బలు కోసుకొస్తే, "ఎన్నాళ్లకొచ్చారండీ!" అని చెయ్యి పట్టుకునేవారు. ఆయన బడికెళితే ఇక రారనుకుని భయపడిపోయేవారు. రెండుసార్లు వెతుక్కుంటూ కాలవగట్టు దాకా వెళ్లిపోయారు.

మాస్టారు ఒకరోజు నన్ను తానే కట్టుకున్నారు. తొమ్మిదింబావుకు గేటు దగ్గర, నేర్పడానికని అడుగున పెట్టిన మీట నొక్కి బడికెళ్లారు. నాలుగున్నరకు అదే గేటు దగ్గర మళ్లీ నొక్కారు. ఆ సేపు నేను నేర్చుకున్నాను. మర్నాటి నుంచి నన్ను ఆవిడ చేతికి కట్టి, "ఇది బాగా వేడెక్కేసరికి నేనుంటాను వర్ధనం" అని వెళ్లేవారు. ఆవిడ కిటికీ పక్క కుర్చీలో నా మీద వేలు పెట్టుకుని కూర్చునేవారు. కాలవగట్టుకు మళ్లీ వెళ్లలేదు.

"రెండు నిమిషాల్లో వచ్చేస్తా" అనే మనుషుల రెండు నిమిషాలు ఎంత పొడుగో నాకు తెలుసు. మాస్టారు మాత్రం ఆరేళ్లలో ఒక్కరోజూ నన్ను అబద్ధం చెయ్యలేదు.

ఒక్కసారి ముందుగా వచ్చారు. వానలకు ఆరోజు బడి ఒంటిగంటకే వదిలేశారు. ఆవిడ తలుపు దగ్గరే ఆపేశారు.

"మీరింకా రాలేదండీ. ఇది గోరువెచ్చగానే ఉంది."

"వచ్చానే, ఇదుగో, నీ ఎదురుగానే ఉన్నాను."

"మరి ఇది అబద్ధం చెప్తుందా? అరుగు మీద కూర్చోండి. వచ్చాక పిలుస్తాను."

మాస్టారు వాదించలేదు. అరుగు మీద కూర్చుని పరీక్ష పేపర్లు దిద్దుకున్నారు. పక్కింటి మంగతాయారుగారు గోడ మీంచి చూసి, "ఏం మాస్టారూ, ఇవాళ మీకే గోడకుర్చీ వేయించారా?" అన్నారు. నేను పూర్తిగా వేడెక్కాక తలుపు తెరుచుకుంది. "ఎప్పుడొచ్చారండీ, తడిసిపోయారే!" అన్నారు ఆవిడ.

పోయిన మాఘమాసంలో ఒక మంగళవారం, పదకొండున్నరకు, కుర్చీలో కూర్చున్నచోటే ఆవిడ గుండె ఆగిపోయింది. ఆ సమయానికి మంగతాయారుగారు పక్కనే ఉన్నారు. బడికి కబురు చేసిందీ, నన్ను ఆ చేతినుంచి విప్పిందీ ఆమే.

పదిరోజులు గడిచాక మాస్టారు ఆమెను ఒకే ఒక్క మాట అడిగారు.

"నాకోసం ఎదురు చూసిందామ్మా?"

"ఏమో మాస్టారూ. మంచినీళ్లడిగింది. ఇంకేం అనలేదు."

తర్వాత ఆయన బడికి వెళ్లొచ్చేవారు, పాఠాలు చెప్పేవారు. నేను బల్ల సొరుగులో సుద్దముక్కల పక్కన ఉండేదాన్ని. సొరుగు తెరిచి, నన్ను చూసి, మళ్లీ మూసేసేవారు.

మొన్న ఆయన సెలవు పెట్టారు. తొమ్మిదింబావుకు గేటు దగ్గర నన్ను కట్టుకుని మీట నొక్కి, లోపలికొచ్చి ఆ కుర్చీలో కూర్చున్నారు. నాకు సేపు నేర్పిన తర్వాత ఆయన నన్ను కట్టుకోవడం అదే మొదలు. గోడ మీంచి మంగతాయారుగారు, "బడికెళ్లలేదేం మాస్టారూ? ఒంట్లో బాగాలేదా?" అన్నారు.

"బాగానే ఉందమ్మా. చిన్న పనుంది."

పదకొండున్నర అయింది. ఆయన నా మీద వేలు పెట్టారు. ఎండలో కాసేపు పెట్టిన చెంబులో నీళ్లెలా ఉంటాయో అలా ఉన్నాను. చలి విరిగింది, అంతే. ఆయన వేలు చాలాసేపు తియ్యలేదు.

"ఇంకా గోరువెచ్చన కూడా కాలేదమ్మా," అన్నారు, కిటికీలోంచి గోడ అవతలికి వినబడేలా. "ఆరోజు తను, నేనిప్పుడే వెళ్లాననుకుని ఉంటుంది."

మంగతాయారుగారు కొంగుతో మొహం తుడుచుకుని లోపలికి వెళ్లారు.

మాస్టారు నన్ను విప్పలేదు. నాలుగున్నరకు నేను నిండుగా వేడెక్కాక లేచి, చెప్పులేసుకుని, గేటు దాకా నడిచారు. గేటు తీసి, మళ్లీ వేసి, ఇంట్లోకి వచ్చారు. కుర్చీ ముందు నిలబడి, "వచ్చాను వర్ధనం," అని మీట నొక్కారు.

నేను చల్లబడ్డాను.