నవ్వకుండా లేచిన సేనాపతి

రంగస్థలం మీద చచ్చిపోయే వేషం కట్టినవాడు పడినచోటనే ఒకసారి నవ్వి లేవాలి. నవ్వకుండా లేస్తే ఆ చావు అతని వెంటే ఇంటికి వస్తుంది. నాటకాలవాళ్లలో చాలామంది ఈ మాట నమ్ముతారు. హైమవతి ఏనాడూ ముఖానికి రంగు పూసుకోలేదు గానీ, ఈ మాట మాత్రం నమ్మింది.

1979 నవంబరులో, ఒక ఆదివారం, దేశ రాజధానిలోని రామకృష్ణాపురంలో ఉండే తెలుగువాళ్లు జపాను చారిత్రక నాటకం ఒకటి ఆడారు. ఓడిపోయిన సమురాయ్ సేనాపతి శత్రువుకు చిక్కకుండా తన కత్తితో తానే ప్రాణం తీసుకోవడం చివరి రంగం. సేనాపతి హైమవతి భర్త పెద్దిరాజు. కేంద్ర ప్రభుత్వంలో గుమాస్తా. అతని మెడ మీది గడ్డలోంచి ముక్క తీసి పరీక్షకు పంపి వారమైంది. క్యాన్సరో కాదో సోమవారం చెబుతామన్నారు.

కవచం దర్శకుడు అనంతరామయ్య స్వహస్తాలతో చేసినది. బాల్కనీలకు ఎండ తగలకుండా వేలాడదీసే వెదురు చిక్‌లను కోసి, నల్లరంగు పూసి, నులకతాడుతో బిగించాడు. పెద్దిరాజు చక్కగా చచ్చాడు. తెర పడ్డాక లేవబోతే కవచం వంగలేదు. నలుగురు పట్టి, కాళ్లు ముందుగా, పక్కకు మోసుకొచ్చారు.

"నవ్వారా?" అంది హైమవతి.

"నవ్వడమా! ముందు ఈ తాళ్లు కోయండర్రా, ఊపిరాడట్లేదు."

"ఇంకా పడుకునే ఉన్నారుగా. ఒక్కసారి నవ్వండి."

"పక్కటెముకల్లో వెదురు దిగుతుంటే నవ్వేదెలాగే?"

అనంతరామయ్య కత్తెరతో వచ్చాడు. "జపాను సేనాపతులు నవ్వరమ్మా. వాళ్లకు పరువు తక్కువ."

తాళ్లు తెగాయి. పెద్దిరాజు మూలుగుతూ లేచాడు.

మర్నాడు ఇద్దరూ బస్సెక్కి ఆస్పత్రికి వెళ్లారు. వరండాలో, వాళ్ల క్వార్టర్ల పక్కనే ఉండే నర్సు జయకుమారి ఎదురొచ్చింది.

"ఏం భయం లేదండీ అన్నయ్యగారూ! వట్టి కొవ్వు గడ్డంట. డాక్టరుగారు చూసేశారు."

"పేరు సరిగ్గా చూశావా?" అని హైమవతి ఆమె చెయ్యి పట్టుకుంది.

"పేరూ చూశాను, వయసూ చూశాను వదినా. మీ ఆయనదే. ఠీక్ హై?"

హైమవతి బెంచీ మీద కూలబడింది. వారం రోజుల బరువు ఒక్కసారిగా దిగిపోయింది. పెద్దిరాజు మూడు టీలు తెస్తే తనదీ, అతనిదీ కూడా తాగేసింది.

"ఆఫీసుకు తర్వాత వెళుదురు గాని, ముందు సమోసాలు తెండి. నిన్నటి నుంచి ముద్ద దిగలేదు నాకు."

గడ్డను ఆ నెలలోనే కోసి తీసేశారు. నాటకాన్ని 1984 దాకా మరి ఐదుసార్లు ఆడారు. ప్రతిసారీ సేనాపతి పెద్దిరాజే, ఒక్కసారీ నవ్వి లేవలేదు. 1989 డిసెంబరులో అతను ఉద్యోగ విరమణ చేశాడు. గడ్డ మళ్లీ రాలేదు.