సమర్కందులో అన్నిటికన్నా వికారమైన జిరాఫీ

నేను ఒక జిరాఫీని. మీ బొటనవేలంత ఉంటాను. మెడ వంకర, కాళ్లు మూడున్నర, ఒక కన్ను చెవి ఉండాల్సిన చోట ఉంది, రెండో కన్ను అసలు లేదు. ఆరువందల ఏళ్లుగా నన్ను చూసినవాళ్లలో కొందరు మేక అన్నారు, కొందరు కొంగ అన్నారు, ఒకాయన చాలాసేపు తిప్పి తిప్పి చూసి గరిటె అన్నాడు. నేనేమీ అనుకోలేదు. నా అంత వికారమైన పావు ఏ చదరంగంలోనూ లేదని ఘంటాపథంగా చెప్పగలను. చెప్పి గర్వపడతాను కూడా. ఎందుకంటారా, కాస్త స్థిమితంగా కూర్చోండి, చెప్తాను.

పుట్టుకతో నేను జిరాఫీని కాను. ఢిల్లీ సుల్తాను గారి ఏనుగొకటి ఉండేది, దాని కుడి దంతంలో కొసన జానెడు ముక్కని. బతుకు బాగానే సాగుతుండగా సమర్కందు నుంచి అమీరు తైమూరు సేన వచ్చిపడింది. ఆ అమీరుకి ఒక కాలు కుంటి. అయినా రెండు కాళ్లూ సరిగా ఉన్నవాళ్లెవరూ ఆయన తిరిగినంత భూమి తిరగలేదు. ఆ సేనవాళ్లు ఒంటెల మీద గడ్డి మోపులు కట్టి, నిప్పంటించి మా మీదికి తోలారు. మా ఏనుగు అంతటిది వెనక్కి తిరిగి లగెత్తింది. ముందు వరుసలో ఉండి చూసినదాన్ని కాబట్టి చెప్తున్నాను, ఆ పరుగులో దాని తప్పేమీ లేదు. ఆ తర్వాత ఊళ్లో జరిగింది మాత్రం చెప్పను. తల్చుకుంటే ఇప్పటికీ ఏడుపొస్తుంది, ఏడవడానికి నాకున్నది ఒక్క కన్నే.

అమీరుది ఒక పద్ధతి. ఊరు పడగానే పనిమంతులను వేరుగా నిలబెట్టేవారు. రాయి చెక్కేవాడు, గాజు ఊదేవాడు, పట్టు నేసేవాడు, వీళ్లకు ప్రాణం దక్కేది. పని వచ్చినందుకు బతికేవాళ్లు, పని వచ్చినందుకే సమర్కందు దాకా నడిచేవాళ్లు. ఆ వరుసలో దంతం చెక్కే కాచన ఉన్నాడు, పక్కనే భార్య ముప్పమ ఉంది. కాచన తాతను ఓరుగల్లు పడ్డప్పుడు ఢిల్లీ వాళ్లు అచ్చం ఇలాగే తోలుకొచ్చారు. మూడు తరాలైనా ఇంట్లో మాట ఓరుగల్లుదే. కొండలు ఎక్కుతూ దిగుతూ ముప్పమ దారి పొడుగునా అన్నది ఒకటే మాట.

"తాతను ఒక సుల్తాను, మనుమణ్ణి ఒక అమీరు. మీ ఇంట్ల ఒక్కడన్న పని రానోడు పుడితే బాగుండుగదయ్యా."

నేను ఏనుగుతో పాటే నడిచాను. సమర్కందులో మా ఏనుగు మసీదు కట్టడానికి రాళ్లు లాగింది. సందులు ఇరుకు, దంతాలు పొడుగు, గోడలు గీసుకుపోతున్నాయని ఒక శుభోదయాన మమ్మల్ని సగానికి కోసేశారు. ఏనుగుకి భారం తగ్గింది, నాకు ఊళ్లు తిరిగే పని తప్పింది. అలా వెళ్లి కాచన పనిపలక మీద పడ్డాను.

ఆ ఊరి సంగతి ఏమని చెప్పను. ఒకడి ఇల్లు కూల్చి తెచ్చిన పనివాడితో ఇంకొకడికి ఇల్లు కట్టించడం అక్కడే చూశాను. నీలం గుమ్మటాలు, తోటలు, ఒక్కో తోటకు ఒక్కో పేరు. మసీదు వాకిలి పొట్టిగా ఉందని అమీరు గారు కట్టిందంతా పడగొట్టించి మళ్లీ కట్టించాడట. ఆ మాట విన్నాక ఊళ్లో పనివాళ్లందరూ ఏది చేసినా ఒక జానెడు ఎక్కువ చేయడం మొదలుపెట్టారు.

మేం సమర్కందు చేరిన ఆరో ఏట ఒక వర్తకుడు కబురు తెచ్చాడు. ఢిల్లీ పడకముందే అత్తింటివాళ్లతో దక్షిణానికి వెళ్లిపోయిన కాచన కూతురు బయ్యమ బతికే ఉంది. ఓరుగల్లులోనే ఉంది. ఆడపిల్లను కన్నది. ఆ రోజు ముప్పమ మూడుసార్లు అన్నం వండింది, ఒక్కసారీ తినలేదు. కాచన ఉలి పట్టుకుని గంటసేపు గోడకేసి చూస్తూ కూర్చున్నాడు. అప్పటి నుంచి వాళ్లిద్దరికీ ఒకటే ధ్యాస, ఆ మనుమరాలిని చూడాలి. ఊరు దాటాలంటే పరవానా, అంటే అనుమతి కాగితం కావాలి. పరవానా ఇచ్చేది పనివాళ్ల మీద అధికారి ఖ్వాజా ఇస్మత్.

ఖ్వాజా చెడ్డవాడు కాదు. భయస్తుడు. "అమీరు గారి మనవల పెళ్లికి పచ్చికబయల్లో సంబరాలు. ఊళ్లో పనివాళ్లందరూ తమ తమ పనితనం చూపించాలి. నువ్వు పెద్ద చదరంగం చెయ్యి. అది మెప్పు పొందితే నీ పరవానాకు నాదీ పూచీ" అన్నాడు.

మీ చదరంగంలో అరవై నాలుగు గళ్లు. లోకమంతా చాలని మనిషికి అవేం చాలుతాయి? అక్కడి పెద్ద చదరంగానికి నూటపది గళ్లు. ఏనుగులూ గుర్రాలూ కాక ఒంటెలు, కోటలు కూల్చే బండ్లు, వాటికి తోడు జిరాఫీలు. కాచన అన్నీ చకచకా చెక్కి జిరాఫీ దగ్గర ఆగిపోయాడు. ఆ జంతువును అతను చూడలేదు. వెళ్లి ఖ్వాజాను అడిగాడు. ఆయనా చూడలేదు, కానీ ఒప్పుకుంటే పరువు పోతుంది.

"తల ఒంటెది, గిట్టలు ఎద్దువి, తోలు చిరుతపులిది" అని గడగడా చెప్పేశాడు.

కాచన ముఖం వెలిగిపోయింది. మూడు జంతువులు కలిసి ఒకటి కావడం అతనికి కొత్తా? వాళ్ల తాత ముత్తాతలు గుడి స్తంభాల మీద చెక్కినవన్నీ అవే. సింహం ఒళ్లు, ఏనుగు తొండం, పొట్టేలు కొమ్ములు ఉన్న యాళి ఎలా ఉండాలో అతని చేతికి తెలుసు. "గింతేనా, ఇది యాళికి తమ్ముడే" అనుకుని నాలుగు చెక్కాడు. బలిసిన రొమ్ము, గుడ్లురిమే కళ్లు, కోరలు, ముందుకాలు ఎత్తి ఉరకబోతున్నట్టు నిలబడ్డాయి. నా సొంత దంతంలోంచి వచ్చినవి కదా, వాటిని చూస్తే నాకే మీసం తిప్పాలనిపించింది. మెడ మాత్రం లేదు. మెడ సంగతి ఎవరు చెప్పారు గనక.

సంబరాల రోజు కాచన నడుముకు కట్టుకున్న సంచిలో పనిముట్లతో పాటు నేనూ ఉన్నాను. వేల గుడారాలు, పట్టు జెండాలు, పళ్ల గుట్టలు. అప్పుడే ఈజిప్టు రాయబారులు కానుకలతో వచ్చారు. వాళ్ల వెనక ఒక జంతువు. జనం తలలు ఎత్తారు, ఇంకా ఎత్తారు, టోపీలు రాలిపడ్డాయి. ఆ మెడ ఎక్కడా ఆగలేదు.

"అదేందయ్యా?" అంది ముప్పమ.

"జిరాఫీ అంటున్నరు" అన్నాడు కాచన. అతని పై ప్రాణాలు పైనే పోయాయి. వాకిలి పొట్టిగా ఉంటేనే పడగొట్టిన ఊళ్లో మెడ లేని జిరాఫీలు నాలుగు పలక మీద కూర్చుని ఉన్నాయి. కానీ నిజం చెప్పాలి. మరు క్షణం ఆ మనిషి భయం మరిచిపోయాడు. ఆ జంతువు కాళ్లు ఎడంగా చాచి నీళ్లు తాగడం చూసి చప్పట్లు కొట్టి, పిల్లాడిలా ఎగిరాడు. ఖ్వాజా వచ్చి మోచేతితో పొడిచేదాకా నవ్వుతూనే ఉన్నాడు.

పావులను పరీక్షించేది ముల్లా సాదిక్ అనే ముసలి ఆటగాడు. చూపు మందగించింది, అన్నీ వేళ్లతోనే చూస్తాడు. ముందు పోటీగా చదరంగం చేసిన డమాస్కస్ పనివాళ్ల జిరాఫీని ఎత్తాడు. సూదిలాంటి మెడ, ఎంత ముచ్చటగా ఉందో. ఎత్తగానే పుటుక్కున విరిగింది. తర్వాత కాచన జిరాఫీని పట్టుకున్నాడు. రొమ్ము తడిమాడు, కోరలు తడిమాడు. ఖ్వాజా కళ్లు మూసుకున్నాడు.

"ఇది జిరాఫీ కాదు" అన్నాడు ముల్లా. "ఏమిటో నాకు తెలియదు. కానీ చేతిలో నిలిచింది. నేను దీనితోనే ఆడతాను."

జనం కేకలు వేశారు. కాచన భుజాల మీద పట్టు అంగీ కప్పారు. ముప్పమ ఏడుస్తూ నవ్వుతూ మూటలు కట్టుకోవడానికి ఇంటికి పరుగెత్తింది. సాయంత్రం ఖ్వాజా స్వయంగా వచ్చాడు. చేతిలో పరవానా లేదు.

"ఇంత పనిమంతుణ్ణి పోనిచ్చానని తెలిస్తే నా తల ఉంటుందా? నువ్వే చెప్పు. ఇంకో చదరంగం మొదలుపెట్టు. ఈసారి జిరాఫీకి మెడ పెట్టు" అని చెప్పి, నిజంగానే బాధపడుతూ వెళ్లిపోయాడు.

ముప్పమ కట్టిన మూట మళ్లీ విప్పలేదు. దాని మీదే కూర్చుంది. "మొన్న ఆ గాజు పనాయనను పోనియ్యలే? దగ్గొచ్చి, ఊపిరాడక వంకర సీసాలు ఊదిండు. ఉట్టిగ రొట్టె దండగని పేరు కొట్టేసి పొమ్మన్నరు. ఈడికెల్లి పోను గదొక్కటే తోవ. నువ్వు గూడ చెడగొట్టు."

"నా చేతులతోని చెడగొట్టుడా?"

"మనుమరాలు కావాల్నా, పేరు కావాల్నా?"

కాచన మూడు రోజులు చెమటలు కక్కాడు. చెడగొడదామని కుంటి జిరాఫీని చెక్కితే ఆ కుంటు చూసి పొరుగువాళ్లు మురిసిపోయారు. కూలబడిన జిరాఫీని చెక్కితే ఖ్వాజా వచ్చి కళ్లు తుడుచుకుని చేతిరుమాలులో చుట్టుకుపోయాడు. ఆ చేతులకు చెడగొట్టడం రాదు. మిగిలింది నేనొక్కదాన్ని, చివరి ముక్కని. నెలాఖరున పనివాళ్లందరూ ఖ్వాజా ముందు పని చూపించాల్సిన రోజు మర్నాడే.

"ఇటియ్యి" అంది ముప్పమ.

ఆమె జన్మలో ఉలి పట్టలేదు. సొరకాయ కోసినట్టు మొదలుపెట్టింది. నాకు ఒకటే చక్కిలిగింతలు. ఒక కాలు సగంలో ఊడింది, మెడ ఇటు వెళ్లబోయి అటు వెళ్లింది. కాచన తల పట్టుకుని చూస్తున్నాడు.

"కన్ను గాడ పెట్టకే, అది చెవి జాగ."

"నువ్వు జర బయటికి నడువు."

అలా పుట్టాను. పుట్టగానే నన్ను చూసి ముప్పమ కొంగు నోట్లో కుక్కుకుని కళ్లనీళ్లు వచ్చేలా నవ్వింది. నా పుట్టుకకు అంతగా సంతోషించినవాళ్లు ఇంకెవరూ లేరు.

మర్నాడు కార్ఖానాలో నూరుమంది. ఇస్ఫహాను వాళ్లు, డమాస్కస్ వాళ్లు, ఢిల్లీ వాళ్లు, ఒకడిని మించినవాడు ఒకడు. గుమ్మం దగ్గర ఆడవాళ్లలో ముప్పమ నిలబడింది. ఖ్వాజా నన్ను రెండు వేళ్లతో పైకెత్తాడు. అటూ ఇటూ తిప్పి చూశాడు. తర్వాత ఎవరో కిసుక్కుమన్నారు. ఆ పైన నూరుమందీ పగలబడి నవ్వారు.

"ఇది చేసింది ఎవరు?"

కాచన ఏడో ఏట నుంచి ఉలి పట్టినవాడు. బందీగా ఆరేళ్లు ఉన్నా అతని తల ఏనాడూ వంగలేదు, పని విషయంలో ఒక్క మాట పడలేదు కాబట్టి. నన్ను చూశాడు, తోటివాళ్లను చూశాడు, గుమ్మం వైపు చూశాడు.

"నేనే" అన్నాడు.

"నువ్వు కాదు. ఏదీ, చెయ్యి చాపు" అన్నాడు ఖ్వాజా.

కాచన చెయ్యి చాపాడు. అది గజగజ వణుకుతోంది. అందులో నటన లేదు. సిగ్గుతో వణికింది ఆ చెయ్యి. ఖ్వాజా దాన్ని తన రెండు చేతుల్లోకి తీసుకుని "అయ్యో" అన్నాడు. అక్కడికక్కడే పేరు కొట్టించి, కాగితం మీద 'పనికిరాని చేతులు, ఎటు పోయినా అడ్డులేదు' అని రాయించి ముద్ర వేశాడు. నన్ను తీసి, "దీన్ని కూడా పట్టుకుపో" అని అతని ఒళ్లో పడేశాడు.

ఆ చలికాలమే అమీరు గారు చైనా మీదికి బయల్దేరి దారిలో పోయాడు. గెలిచిన ఊళ్లు ఒక్కొక్కటే చెయ్యి జారాయి. గుమ్మటాలు మాత్రం నిలిచాయి. ఆయన మనవడొకడు కత్తి మీదకన్నా చుక్కల మీద ఎక్కువ ప్రేమతో ఆకాశం లెక్క తేల్చాడు. ఆయన వంశంవాళ్లే తర్వాత ఢిల్లీలో సింహాసనం ఎక్కి తోటలు వేయించారు. వీటన్నిటి మీదా అమీరు పేరే ఉంది. కాచన మనుమరాలు నన్ను పళ్లు వచ్చేటప్పుడు కొరికింది. ఆ తర్వాత ఎన్ని చేతులు మారానో లెక్కలేదు. ఇప్పుడు ఒక మ్యూజియంలో అద్దాల పెట్టెలో ఉన్నాను. ఫలకం మీద 'జంతువు బొమ్మ, చేసినవారు తెలియదు' అని రాశారు.

తెలియకపోవడమేమిటి? ఇంటిదారిలో ఆమూ నది దాటిన రోజు పొద్దున్నే కాచన ఒడ్డున కూర్చుని సంచిలోంచి సన్న ఉలి తీశాడు. చెయ్యి ఇప్పుడు వణకడం లేదు. నన్ను మోకాలి మీద పెట్టుకున్నాడు.

"ఒక్క గీత గీస్తనే. మెడ జర సాపు చేస్త, గంతే. చూడలేకపోతున్న."

ముప్పమ నన్ను లాగేసుకుంది.

"ముట్టకు. నువ్వు చేసింది చూసి నీకు పట్టు కప్పి కట్టేసిండ్రు. నిన్ను ఇడిపించింది ఇది. ఇది నేను చేసిన పని, గిట్లనే ఉంటది."

కాచన ఆమె ముఖంలోకి చూశాడు. ఉలి సంచిలో పెట్టేసి, "ముప్పమా, పని నీది" అన్నాడు. ఆమె నన్ను కొంగున ముడేసుకుని ముందు నడిచింది.