హెపటో పోతే

భీమవరంలో ఒక ప్రైవేటు ఆసుపత్రి మేడమీద వార్డుకి రౌండ్స్‌కి వచ్చిన డాక్టరు శ్రీదుర్గ గారు, యుగంధర్ పొట్ట నొక్కి చూసి పక్కనున్న జూనియర్‌తో "హెపటోమెగలీ ఉంది" అన్నారు. కేసుషీటు తిరగేసి "హెపటైటిస్సే. హెపటోసైట్లు బాగా దెబ్బతిన్నాయి" అన్నారు. మంచం పక్కన నీళ్ళసీసా పట్టుకుని నిలబడ్డ లోవలక్ష్మికి మిగతా ఇంగ్లీషేదీ చెవికెక్కలేదు. ఒక్క ముక్కే మళ్ళీ మళ్ళీ వినపడింది. హెపటో.

వేరే ఇల్లాలైతే మొగుడికి పచ్చకామెర్లు అనుకుని కొబ్బరిబొండాల కోసం మెట్లు దిగేది. ఖర్మ కొద్దీ లోవలక్ష్మికి ఆ మాట తెలుసు. సముద్రపొడ్డున వేటకెళ్ళే ఇంట్లో పుట్టి, డిగ్రీ దాకా చదివి, రొయ్యల చెరువుల వాళ్ళకి పరీక్షలు చేసే ల్యాబులో పనిచేస్తోంది. రైతులు కవర్లో తెచ్చిన రొయ్య తల విప్పి, అందులో చిన్న గింజంత ఉండే హెపటోపాంక్రియాస్‌ని గాజుపలక మీద నలిపి మైక్రోస్కోపులో చూడటం ఆమె పని. అది పాలిపోయి కుంచించుకుపోయి ఉంటే రైతుకి చెప్పేది ఒకటే. "హెపటో పోయిందండి. పట్టుబడి పట్టేసుకోండి." ఉన్న రొయ్యల్ని ఉన్నట్టు పట్టి అమ్ముకుని, చెరువు ఎండగట్టుకోవడమే ఇక. హెపటో పోయాక కోలుకున్న చెరువుని ఆమె ఇంతవరకూ చూడలేదు.

ఇప్పుడా మాట మొగుడి మంచం మీద వచ్చి పడింది. యుగంధర్ ఐసు వ్యాను నడుపుతాడు. ఐసుదిమ్మని భుజాన వేసుకుని పాట పాడుకుంటూ నడిచే మనిషి, పసుపు పులిమినట్టున్న మొహంతో పట్టపగలు కన్ను తెరవకుండా పడి ఉన్నాడు. ఆమెకి చచ్చేంత భయం వేసింది.

మంచం కాళ్ళ దగ్గర కూర్చున్న అత్త నూకరత్నం ఇదే అదను అనుకుంది. ఆవిడ లోవలక్ష్మికి సొంత మేనత్త కూడాను. "కామెర్లకి ఇంగ్లీషు మందేంటే? పాలకొల్లు రోడ్డులో త్రిమూర్తులు గారు పసరు పోత్తారంట. ఎంతమందికి తగ్గిందో! నా మాట ఇను" అంది. వచ్చిన రోజు నుంచీ ఇదే పాట. లోవలక్ష్మి ప్రతిసారీ కసిరి కూర్చోబెట్టేది. ఇప్పుడు మాత్రం మునిగేవాడు గడ్డిపోచ పట్టుకున్నట్టు, "నీ ఇష్టం అత్తా. ఎక్కడికైనా తీసుకెళ్ళు" అనేసింది. కోడలు ఇంత తేలిగ్గా లొంగుతుందని నూకరత్నం కలలో కూడా అనుకోలేదు.

డిస్చార్జి అడగడానికి లోవలక్ష్మి కిందికి దిగి డాక్టరు గారి గదిలోకి వెళ్ళింది.

"ఎందుకమ్మా తీసుకెళ్ళిపోతామంటున్నారు? చదువుకున్నవారిలా ఉన్నారు!" అన్నారు శ్రీదుర్గ గారు.

"హెపటో పోయాక ఇంకేం ఉంటుందండి మేడమ్? నేను రోజూ చూస్తూనే ఉంటాను కదండి" అంటూ లోవలక్ష్మి భోరుమంది.

డాక్టరు గారికి మొదట ఏమీ అర్థం కాలేదు. ఆమె ఎక్కడ పనిచేస్తోందో అడిగి తెలుసుకున్నాక, కుర్చీ చూపించి కూర్చోమన్నారు. నవ్వకపోవడం ఆవిడ మంచితనం.

"హెపటో అంటే గ్రీకు భాషలో కాలేయం అనమ్మా. అంతే. అది జబ్బు పేరు కాదు, చావు పేరు అంతకన్నా కాదు. మన ఇంటిపేరు లాంటిది, ముందొచ్చి కూర్చుంటుంది. ఇంటిపేరు ఒకటైతే మనుషులంతా ఒకటేనా? హెపటోమెగలీ అంటే కాలేయం పెరిగింది. హెపటోసైటు అంటే కాలేయంలో కణం. హెపటైటిస్ అంటే కాలేయం వాపు. మీ రొయ్యకి పాపం, కాలేయమూ క్లోమమూ చేసే పనంతా ఆ ఒక్క గింజదే. మనిషి సంగతి వేరు. కాలేయంలో సగం కోసేసినా మళ్ళీ పెరుగుతుంది."

లోవలక్ష్మికి పోయిన ప్రాణం లేచొచ్చినట్టయింది. తన మిడిమిడి జ్ఞానానికి తననే తిట్టుకుంది.

"ఒక్క మాటకి మాత్రం భయపడండి" అన్నారు డాక్టరు గారు. "అదీ ఆ ఇంటిపేరుదే. హెపటిక్ ఎన్‌సెఫలోపతి."

లోవలక్ష్మి ఈసారి తొందరపడలేదు. మాటని రొయ్యని ఒలిచినట్టు ఒలిచింది. "రొయ్య తలనీ ఛాతీనీ కలిపి సెఫలోథొరాక్స్ అంటామండి. సెఫలో అంటే తల. అంటే... తల లోపలిదా మేడమ్? మెదడా?"

"మెదడే. కాలేయం పని ఆగితే విషం అక్కడికి ఎక్కుతుంది. పగలంతా మత్తుగా నిద్రపోతారు, మాట తడబడుతుంది, తెలిసినవాళ్ళని పోల్చుకోలేరు. మొదట్లోనే పట్టుకుంటే వెనక్కి తీసుకురావడానికి వీలుంటుంది. చెయ్యి దాటితే మా వల్ల కూడా కాదు. అందుకే ఇక్కడే ఉంచమంటున్నాను."

పగలంతా నిద్ర! లోవలక్ష్మి మాట మధ్యలోనే లేచి మెట్లెక్కింది. మంచం ఖాళీగా ఉంది. సెలైను గొట్టం స్టాండుకి వేలాడుతోంది.

"మీ అత్తగారు ఆటోలో తీసుకెళ్ళిపోయారండి" అంది ఆయా. "మీరే తీసుకెళ్ళమన్నారంట కదండి."

అవును, ఆ మాట అన్నది తనే. స్కూటీ తీసి పాలకొల్లు వెళ్ళే కాలవగట్టు రోడ్డు పట్టుకుంది. అత్త ఫోను మోగుతోందే గానీ ఎత్తడం లేదు. ఎదురుగా రొయ్యల మేత లారీలు హారన్లు కొడుతున్నా ఆమెకి వినపడటం లేదు. పసరు ఏ ఆకులతో నూరతారో, ఆ దెబ్బతిన్న కాలేయం దాన్ని ఎలా తట్టుకుంటుందో తలుచుకుని బండి వేగం పెంచింది. చెరువు పోయిందని చెప్పేసినట్టు, కట్టుకున్నవాణ్ణి ఒక్క మాటతో వదిలేశాను అనుకుని ఏడ్చింది.

త్రిమూర్తులు ఇంటి అరుగు మీద యుగంధర్ స్తంభానికి చేరగిలబడి ఉన్నాడు. నూకరత్నం పచ్చటి పసరు గ్లాసు అతని పెదాల దగ్గర పెడుతోంది.

"ఆగత్తా!"

"నువ్వే కదే తీసుకెళ్ళమన్నావు? ఇప్పుడు మళ్ళీ ఇదేంటి?"

"తప్పు నాదే. ఆస్పత్రికి పోదాం. బావకి విషం మెదడుకి ఎక్కుతోంది."

"నీ మొకం! పొద్దుట్నించీ ఎంత బాగా నిద్ర పట్టిందో చూడు. జబ్బు దిగుతుంది."

"ఒక్క గుక్కేనమ్మా" అన్నాడు త్రిమూర్తులు, మధ్యవర్తిలా.

ఎన్‌సెఫలోపతి అంటే అత్తకి ఏం చెబుతుంది? గ్లాసు లాక్కుంటే అత్త ఊరుకుంటుందా? లోవలక్ష్మి అరుగెక్కి, "సరే అత్తా. నువ్వెవరో అడుగు. చెప్పాడంటే నీ ఇష్టం వచ్చినట్టు చెయ్యి" అంది.

"కన్నతల్లిని ఎరగడా?" నూకరత్నం విసుక్కుంటూనే వంగి కొడుకు గెడ్డం పట్టుకుంది. "యుగా! నేనెవర్రా?"

యుగంధర్ పచ్చటి కళ్ళు తెరిచాడు. తల్లి మొహంలోకి చాలాసేపు చూశాడు. పరాయి మనిషిని నొప్పించడం ఇష్టం లేనట్టు మొహమాటంగా నవ్వాడు.

"గుర్తు రావట్లేదండి... మీది ఏ ఊరండి?"

మాటలు వచ్చినప్పటి నుంచీ తల్లిని ఒక్కసారి కూడా 'అండి' అని ఎరగడు. నూకరత్నం గ్లాసు అరుగు మీద పెట్టబోతే సగం ఒలికింది. ఎవరి వంకా చూడకుండా కొడుకు చెయ్యి తన మెడ మీద వేసుకుని లేపింది. లోవలక్ష్మి రెండో పక్క పట్టుకుంది. ఇద్దరూ కలిసి వాకిట్లో ఆగి ఉన్న ఆటో ఎక్కించారు.

"మీకు శ్రమండి" అన్నాడు యుగంధర్.

ఆటో కాలవగట్టు ఎక్కింది. నూకరత్నం కొడుకు చేతిని రెండు చేతుల్లోకి తీసుకుని, అతను అడిగినదానికి బదులు చెప్పింది.

"మాది పల్లిపాలెమండి" అంది. "మీదీ అదేనండి."