నూకరత్నం పొదగేసిన గుడ్డు

నేను ఒక గుడ్డును. కోడిగుడ్డును మాత్రం కాదు. నన్ను ఎత్తాలంటే రెండు చేతులూ కావాలి. నూట యాభై కోడిగుడ్ల సొన నా ఒక్కదానిలో పడుతుందని చదువుకున్నవాళ్ళు చెబుతుంటే విన్నాను. మా అమ్మ పది అడుగుల ఎత్తుండేది. రెక్కలు పేరుకే, ఎగరడం ఎరగదు. మడగాస్కర్ దీవిలో దక్షిణపు ఒడ్డున, ఇసుకలో నన్ను పెట్టి నా మీద కూర్చునేది. ఆమె బరువుకు ఇసుక కుంగేది గాని నేను చితకలేదు. అంత పెద్ద పక్షికి అంత మెత్తగా కూర్చోవడం ఎలా వచ్చిందో నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

ఒకరోజు వెళ్ళింది, మళ్ళీ రాలేదు. మనుషులు తరిమారో, నీళ్ళు వెతుక్కుంటూ దూరం పోయిందో తెలియదు. గాలి ఇసుకను తెచ్చి నన్ను కప్పేసింది. ఆ కింద దాదాపు వెయ్యేళ్ళు పడుకున్నాను. ఆ లోపల మా జాతి మొత్తం పోయిందట. నాకెవరూ కబురు చెప్పలేదు.

నన్ను తవ్వి తీసిన ఆవిడకు నీళ్ళ కుండ కావాలి. ఆ పల్లెలో మా జాతి గుడ్ల డొల్లలకు చిల్లు పెట్టి నీళ్ళు పోసుకోవడం అలవాటు. నాకూ మేకు ఆనించింది. సరిగ్గా అప్పుడే, మంచినీళ్ళ కోసం ఒడ్డుకు వచ్చిన ఓడవాళ్ళలో ఒకడు ఆగి చూశాడు. పేరు ఓలేటి గంగరాజు. కాకినాడ పక్కన తాళ్ళరేవు అతని ఊరు. సరుకు ఓడ మీద కళాసీలకు పెద్ద, అంటే సరంగు. నన్ను తీసుకుని చెవి దగ్గర ఊపాడు. లోపల ఏదో గలగలమంది. ఒంటి మీదున్న కొత్త ఉన్ని దుప్పటి ఆవిడకిచ్చి నన్ను చంకన పెట్టుకున్నాడు.

"మా ఆడది చూసిందంటే దీన్ని కూడా పొదగేసేస్తాదిరా!" అని తోటివాళ్ళతో అంటూ ఓడ దాకా నవ్వుతూనే ఉన్నాడు.

లోపల గలగలమన్నది ఏమిటో నాకూ తెలియదు. ఇసుకో, గులకరాయో, ఎండిపోయిన సొనో. నా కడుపులో ఏముందో నాకే తెలియకపోవడం మీకు వింతగా ఉంటుందేమో. గుడ్లకు అది మామూలే.

అతని భార్య నూకరత్నం. తాళ్ళరేవులో ఎవరి కోడి పొదుగుకు వచ్చినా గుడ్లు ఆమె చేతికే ఇచ్చేవారు. ఒక్కో గుడ్డునూ గుప్పిట్లో ఎండకు పట్టి చూసి, పనికిరానిది పక్కన పెట్టేది. గంపలో ఊక పోసి, ఉరుముకు గుడ్లు చెడిపోకుండా ఒక ఇనుప మేకు, రెండు ఎండుమిరపకాయలు, ఒక బొగ్గుముక్క వేసేది. ఆమె చేత్తో పదమూడు గుడ్లు పెడితే పదమూడూ పిల్లలయ్యేవి. రత్నం చెయ్యి చల్లనిది అనేవారు. ఆ మాటే ఆమెకు నగా నట్రా.

గంగరాజు నన్ను ఊపి చూపించబోతే ఆమె లాక్కుంది.

"గుడ్డుని అలా ఊపుతారా మావా? బుద్దుండాలి!"

చెవి ఆనించి చాలాసేపు విన్నది. మెల్లగా తిప్పింది, మళ్ళీ విన్నది. "లోపల పిల్లుంది" అంది. మొగుడు నవ్వాడు. ఆమె నవ్వలేదు.

మొదట ఒక పెట్టను నా మీద కూర్చోబెట్టింది. పాపం, అది ఎక్కడం, జారడం, మళ్ళీ ఎక్కడం. మధ్యాహ్నానికి విసిగి దిగిపోయింది. అప్పుడు నన్ను ఊకలో పెట్టి, పాత బొంత కప్పి, పొయ్యి వెచ్చన తగిలేచోట ఉంచింది. పొద్దునా సాయంత్రం తిప్పేది. ఇరవయ్యొక్క రోజులు గడిచాయి. పెద్ద పక్షి కదా, ఎక్కువ రోజులు పడుతుందిలే అంది. మూడు నెలలయ్యాయి. గోరువెచ్చని నీళ్ళలో వేస్తే బతికున్న పిల్ల కదులుతుందని నన్ను గంగాళంలో దించింది. వీధి వీధంతా చూడటానికి వచ్చింది. నేను అటూ ఇటూ ఊగాను. నీళ్ళలో వేస్తే చెంబైనా ఊగుతుంది. "కదిలింది" అందామె, మొహం వెలిగిపోతుండగా.

అరుగు మీద కూర్చుని గంగరాజు ఆ ముచ్చట పదిమందికీ అభినయించి చూపించాడు. మనిషి మంచివాడే, నోరే ఆగదు. సెలవు అయిపోయి అతను ఓడెక్కేసరికి ఆమెకు 'రాళ్ళ రత్నం' అన్న పేరు స్థిరపడింది. ఆ ఎండాకాలం ఎవరివో గుడ్లు మురిగిపోతే నేరం ఆమె చేతి మీదకు వచ్చింది. రాయికీ గుడ్డుకూ తేడా తెలియని మనిషి చేతికి గుడ్లెవరిస్తారు? గంపలు ఖాళీ అయ్యాయి. ఆమె ఎవరితోనూ పోట్లాడలేదు. ఎవరైనా కదిపితే మాత్రం, "రాయి కాదు. పిల్లుంది. బతికుందో లేదో నాకు తెలీదు గానీ, ఉంది" అనేది.

నన్ను గంపతో సహా అటక మీద పెట్టింది. ఇరవై ఏళ్ళు అక్కడే ఉన్నాను. ఆమె మాట నిజం కావాలని నేను కోరుకోని రోజు లేదు.

గంగరాజు సముద్రం మానేసి ఇంటిపట్టున కూర్చున్నాక గాని తన నోరు ఏం చేసిందో అతనికి తెలిసిరాలేదు. వీధిలో కోడి అరిచినప్పుడల్లా భార్య తల తిప్పి చూడటం, మళ్ళీ పనిలో పడటం కనబడేది. క్షమించమని అడగడం అతనికి చేతకాదు. దానికి బదులు రోజూ మంచి చేపలు తెచ్చేవాడు.

ఒక వర్షాకాలం ఆమె పెరట్లో జారిపడి మణికట్టు విరగ్గొట్టుకుంది. కాకినాడ ఆసుపత్రికి తీసుకెళ్ళాడు. చేతిలో పెద్ద సంచి. బట్టలనుకుంది ఆమె. చేతికి ఎక్స్‌రే తీయడం అయ్యాక ఆమెను బయట బల్ల మీద కూర్చోబెట్టి, అతను మళ్ళీ లోపలికి వచ్చాడు. సంచిలో ఉన్నది నేను.

"బాబూ, ఇంకోటి తియ్యాలండి."

"ఇంకో చెయ్యి కూడా విరిగిందా?" అన్నాడు ఎక్స్‌రే తీసే కరుణాకర్.

"కాదండి. గుడ్డండి."

కరుణాకర్ నన్ను చూశాడు, అతన్ని చూశాడు. పేరేం రాయమంటారని అడిగాడు.

"ఓలేటి నూకరత్నం గుడ్డని రాసేయండి. ఆవిడదే."

ఫిల్ము ఆరేదాకా గంగరాజు నిలబడే ఉన్నాడు. కరుణాకర్ దాన్ని వెలుతురుకు పట్టి, దగ్గరికి జరిగి మళ్ళీ చూశాడు. గంగరాజు దాన్ని అందుకుని బయటికి పరుగెత్తాడు. నేను కరుణాకర్ చేతుల్లో వెనకాలే వచ్చాను.

నూకరత్నం బాగున్న చేత్తో ఫిల్మును కిటికీకి ఆనించింది. నా లోపల సన్నని ఎముకలు. కొన్ని ఊడి అడుగున పడ్డాయి. ఇన్నేళ్ళూ గలగలమన్నవి అవే. మిగతావి ఎండిన పొరకు అంటుకుని ఎక్కడివక్కడే ఉన్నాయి. ఆమె వేలితో ఒక్కొక్కటీ తడిమింది.

"మెడ మడుచుకుంది చూడు మావా. ముక్కు లావువైపు తిప్పుకుంది. గాలుండేది అటేగా. వచ్చేయడానికి సిద్దపడిపోయింది. ఇంక రెండ్రోజులు, అంతే."

వెయ్యేళ్ళు నేను మోసింది రాయిని కాదు, ఇసుకనూ కాదు. నాకు ఏడుపు వచ్చింది. గుడ్డుకు కళ్ళుండవు కాబట్టి నా వంతు కూడా ఆమే ఏడ్చింది.

"ఇది పట్టుకుని ఇంటింటికీ తిరుగుతానే. ఒక్కొక్కడి నోరూ మూయిస్తాను" అన్నాడు గంగరాజు.

"వద్దు మావా. పుట్టకుండానే పోయిన బిడ్డని ఊరేగిస్తారా ఎవరైనా?"

అతను బల్ల మీద కూలబడ్డాడు. "నిన్ను నవ్వులపాలు చేసింది నేనే కదే రత్నం."

"నువ్వే" అందామె. తర్వాత ఫిల్మును అతని ఒళ్ళో పెట్టి, నలగకుండా పట్టుకోమంది.

సంగతి కరుణాకర్ ద్వారా మ్యూజియంవాళ్ళకు చేరింది. వాళ్ళు నెల రోజులు తిరిగితే నన్నివ్వడానికి ఆమె ఒప్పుకుంది. తన తర్వాత నన్ను ఎవరు చూస్తారన్న బెంగే ఒప్పించింది. ఇప్పుడు అద్దాల పెట్టెలో ఉన్నాను. కింద చీటీలో నా బరువు, కొలతలు, దేశం పేరు ఉన్నాయి. ఏడాదికోసారి ఆ ఇద్దరూ బస్సెక్కి వచ్చి, కాసేపు నిలబడి వెళతారు.

మొన్న వాళ్ళు వచ్చినప్పుడే ఒక బడి పిల్లలు వచ్చారు. పంతులమ్మ నన్ను చూపిస్తూ, "ఈ జాతి పక్షి ఇప్పుడు లోకంలో ఒక్కటి కూడా లేదు" అని చెబుతోంది.

నూకరత్నం ఉండబట్టలేకపోయింది.

"లోపల ఒకటుందమ్మా" అంది. "రెండ్రోజుల్లో వచ్చేసేదే."

ఎవరూ నవ్వలేదు. ముందు నిలబడ్డ ఒక పిల్ల, లోపల ఎలా ఉందని అడిగింది. ముసలామె అక్కడే నేల మీద కూర్చుంది. మోకాళ్ళు దగ్గరికి తీసుకుని, మెడ మడిచి, మొహం మాత్రం ఒక పక్కకు తిప్పి, వెలుతురు వచ్చేవైపు పెట్టి చూపించింది.

పిల్లలు ఒకరి తర్వాత ఒకరు కూర్చున్నారు. మోకాళ్ళు దగ్గరికి తీసుకున్నారు. నా పెట్టె చుట్టూ ముప్పై మంది, మెడలు మడుచుకుని, ఇంక రెండ్రోజుల్లో వచ్చేసేవాళ్ళలా.