జడ్తి ఇవ్వని పొట్టేలు

నీళ్లు చల్లితే గొర్రె ఒళ్లు విదిలించాలి. దాన్నే జడ్తి అంటారు. విదిలించిందంటే తన ప్రాణం దేవునికివ్వడానికి ఒప్పుకున్నట్టు. ఐలేశం తాతలనాటి నుంచీ ఆ ఇంట్లో అడగకుండా ఏ జీవాన్నీ దేవుని ముందు కోయలేదు. తడిసిన ఒళ్లు ఏదైనా విదిలిస్తుందని అతనికి తెలియక కాదు. తెలిసినా, విదిలింపు చూడగానే గుండెలో బరువేదో దిగిపోయేది. ఇన్నేళ్లూ అతను నిద్రపోయింది ఆ విదిలింపు మీద తల పెట్టుకునే.

ఇవాళ బీరప్ప గుడి ముందు నిలబెట్టింది బుడ్డోడనే పొట్టేలును. సర్కారు ఇచ్చిన గొర్రెల్లో ఒకటి ఈనుతూ చచ్చిపోతే, దాని పిల్లను డబ్బాపాలు పట్టి పెంచాడు. నిరుడు భార్య గుర్వమ్మ దవాఖానలో ఉన్నప్పుడు, ఆమె బతికొస్తే ఈ పొట్టేలును ఇస్తానని మొక్కుకున్నాడు. ఆమె బతికొచ్చింది.

"బాపూ, ఒక్క మాట," అంది పశువైద్యం చదువుతున్న చిన్న కూతురు నాగరాణి.

"మళ్ల షురువయిందా!"

"నువ్వు మంచిగనే సూసుకుంటవు. మందల ఒక్కదానికి ముల్లు గుచ్చుకున్నా నీకు బువ్వ దిగది. మంచిగ సాదితే దాని పానం మనదైతదా?"

"నిన్ను గూడ మంచిగనే సాదిన. నా మాటింటున్నవా?"

"గదే నేననేది. ఇనకుంటే నన్ను కోస్తవా?"

గుర్వమ్మ కిసుక్కున నవ్వింది.

పూజారి ఎల్లేశం చెంబెడు నీళ్లు పోశాడు. బుడ్డోడు కదల్లేదు. మళ్లీ పోశాడు. వాడు కళ్లు సగం మూసి హాయిగా నిలబడ్డాడు. మూడో చెంబుకు, ఇంకా పొయ్యమన్నట్టు వీపు దగ్గరికి జరిపాడు.

ఐలేశానికి అప్పుడు తట్టింది. ఎండాకాలమంతా మధ్యాహ్నం పూట బోరు దగ్గర వాడి వీపు మీద నీళ్లు పోసింది తనే. మొదట్లో విదిలించేవాడు. "ఆగురా" అని మెడ నిమిరీ నిమిరీ తనే మాన్పించాడు. వాడికి నీళ్లంటే తన చెయ్యే. అడగడానికి ఉన్న ఒక్క దారినీ తన ప్రేమే మూసేసింది.

"చెవుల పొయ్యి ఎల్లన్నా, ఎందుకు విదిలియ్యదో జూద్దాం!" అన్నాడు ఐలేశం తమ్ముడు లింగస్వామి.

"అది అడుగుడైతదా చిన్నాయినా? ఒప్పిచ్చుడైతది. కాదనొద్దంటే ఇగ అడుగుడెందుకు?" అంది నాగరాణి.

ఎల్లేశం చెంబు చాచాడు. "మొక్కు నీది. నువ్వే జెప్పు ఐలన్నా."

వాడు కాదనలేదని ఐలేశానికి తెలుసు. ఇదివరకటి గొర్రెలేవీ అవునని కూడా అనలేదు. బోరు నీళ్ల సంగతి చెబితే వాడి చెవిలో నీళ్లు పడతాయి. చెప్పకపోతే మొక్కు అలాగే ఉండిపోతుంది. గుర్వమ్మకు మళ్లీ ఏమన్నా అయితే? ఆమె వైపు చూశాడు. రోజూ బోరు మోటారు వేసింది ఆమే.

గుర్వమ్మ కొంగు సర్దుకుంది. "ఇయ్యకపాయె గదా. గుంజుకుంటే దేవుడు మెచ్చుతడా? నా పానం సంగతి బీరప్పతోని నేను మాట్లాడుకుంట. కొబ్బరికాయ కొట్టు."

"మరి మేమేం తినాలె?" అన్నాడు లింగస్వామి దిగాలుగా.

"వంకాయ," అంది నాగరాణి.

తిరిగొస్తుంటే, "ఆదివారం సంతకు రెండు పొట్టేళ్లు తోలాలె," అన్నాడు ఐలేశం ఎటో చూస్తూ.

"అవిటిని గూడ అడుగుతవా?" అంది నాగరాణి మెల్లగా.

అతను బుడ్డోణ్ని తోలుకుంటూ అడుగు పెంచాడు.

ఇంటి ముందు దుమ్ములో పడుకుని లేచిన బుడ్డోడు, కొమ్ముల నుంచి తోక దాకా ఒళ్లంతా ఒక్కసారి విదిలించాడు. ఐలేశం ఉలిక్కిపడి భార్య వైపు చూశాడు.

గుర్వమ్మ మొహం తిప్పుకుంది.

"నేనేం సూడలే," అంది.